"రేపట్నుంచి రావద్దు" అన్నాక ఏం చేయాలి? ప్రభుత్వ సంస్థల్లో రోజు కూలీలకు చట్టం ఇచ్చిన దారులు

నర్సీపట్నం: మున్సిపాలిటీలో చెత్త బండి తోసేవారు, కాలువల్లో పూడిక తీసేవారు, నీళ్ల ట్యాంకు దగ్గర వాల్వు తిప్పేవారు, ఆసుపత్రి వార్డులు తుడిచేవారు, హాస్టళ్లలో వంట చేసేవారు, ఆఫీసుల్లో రాత్రి కాపలా కాసేవారు. ఇలాంటి పనుల్లో ఏళ్ల తరబడి రోజు కూలీకి ఉన్నవాళ్లు దాదాపు ప్రతి వీధిలోనూ కనిపిస్తారు. వీళ్లను తీసేసేటప్పుడు మాత్రం చాలాసార్లు కాగితం అంటూ ఏదీ ఉండదు. మేస్త్రి ఫోన్ చేసి "రేపట్నుంచి రావద్దు" అంటాడు. లేదా మస్టర్‌లో పేరు కనిపించదు. అంతే.

పర్మనెంట్ ఉద్యోగి పరిస్థితి వేరు. నర్సీపట్నం ప్రాంతీయ ఆసుపత్రిలో మత్తు డాక్టర్ సుధాకర్ గారిని 2020 ఏప్రిల్‌లో సస్పెండ్ చేసినప్పుడు ఆర్డర్ వచ్చింది, రాష్ట్రమంతా చర్చ జరిగింది. ఆ ఆర్డర్ న్యాయమా కాదా అన్నది పక్కన పెడితే, కోర్టులో సవాల్ చేయడానికి చేతిలో ఒక కాగితం ఉంటుంది. అదే ఆసుపత్రిలో గచ్చు కడిగే మనిషిని ఆపేస్తే ఆ కాగితం కూడా ఉండదు. రాజ్యాంగంలోని 311 అధికరణం కాపాడేది సివిల్ పోస్టులో ఉన్న ఉద్యోగిని. రోజు కూలీకి అది వర్తించదు.

అందుకే చాలా కుటుంబాలు "మనకి ఆర్డరే లేదు, ఇంక కేసేం వేస్తాం" అని ఊరుకుంటాయి. అది పొరపాటు. నోటి మాటతో తీసేయడమే చట్టం ముందు ఆఫీసు వైపున్న పెద్ద లోపం.

రెండు ప్రశ్నలు, రెండు దారులు

ముందుగా అర్థం చేసుకోవాల్సింది ఒకటుంది. "నన్ను పర్మనెంట్ చేయాలి" అన్నది ఒక ప్రశ్న. "నన్ను తీసేసిన పద్ధతి తప్పు" అన్నది ఇంకో ప్రశ్న. ఈ రెండూ కలిపేసుకుని, మొదటిదాని కోసం హైకోర్టు చుట్టూ తిరిగి, రెండోదానికి ఉన్న గడువు పోగొట్టుకున్నవాళ్లు చాలామంది.

మొదటి ప్రశ్నకు పెద్ద అడ్డంకి ఉమాదేవి తీర్పు. కర్ణాటక రోజు కూలీల కేసులో 2006 ఏప్రిల్ 10న సుప్రీంకోర్టు అయిదుగురు జడ్జీల ధర్మాసనం ఇచ్చింది. నోటిఫికేషన్, పోటీ లేకుండా తీసుకున్నవాళ్లను ఎన్నేళ్లు పనిచేశారన్న ఒక్క కారణంతో పర్మనెంట్ చేయమని కోర్టులు చెప్పకూడదన్నది దాని సారం. ఒక మినహాయింపు ఇచ్చింది: మంజూరైన పోస్టుల్లో, అర్హతతో, కోర్టు ఆర్డర్ల అండ లేకుండా పదేళ్లు నిండిన వాళ్లను ఒకేసారి చేసే ప్రక్రియగా రెగ్యులరైజ్ చేయవచ్చు. ఆంధ్రప్రదేశ్‌లో అంతకుముందే 1994 నాటి 2వ నంబర్ చట్టం, దాని వెంట 1994 ఏప్రిల్ 22న జీవో 212 వచ్చాయి. 1993 నవంబర్ 25 నాటికి అయిదేళ్లు నిండి, ఇంకా పనిలో ఉన్నవాళ్లకే ఆ జీవో. పాత ఎన్ఎంఆర్ వర్కర్లు ఇప్పటికీ "212 కింద" అంటుంటారు కానీ, ఆ తేదీ తర్వాత చేరినవాళ్లకు అది పనికిరాదు.

రెండో ప్రశ్నకు ఉమాదేవి తీర్పు అడ్డు కాదు. మనిషి పర్మనెంటా కాదా అన్నదానితో సంబంధం లేకుండా, తీసేసేటప్పుడు పాటించాల్సిన పద్ధతిని కార్మిక చట్టం చెప్పింది. లేబర్ కోర్టుల్లో అందరి నోటా నలిగే "25ఎఫ్" అదే.

240 రోజుల లెక్క

1947 నాటి పారిశ్రామిక వివాదాల చట్టం ప్రకారం, తీసేసిన తేదీ నుంచి వెనక్కి లెక్కపెడితే 12 నెలల్లో 240 రోజులు పనిచేసి ఉంటే ఆ కార్మికుడిది ఏడాది నిరంతర సర్వీసు కింద లెక్క. అలాంటి వ్యక్తిని తీసేయాలంటే నెల ముందు నోటీసు ఇవ్వాలి, లేదా నెల జీతం ఇవ్వాలి. సర్వీసు చేసిన ప్రతి ఏడాదికీ 15 రోజుల కూలీ నష్టపరిహారంగా, తీసేసే సమయానికే చేతికి ఇవ్వాలి. ఇవి లేకుండా తీసేస్తే ఆ తొలగింపు చెల్లదు.

లెక్క వేసి చూద్దాం. రోజుకు 400 రూపాయల కూలీ, తొమ్మిదేళ్ల సర్వీసు అనుకుంటే 15 ఇంటూ 400 ఇంటూ 9, అంటే 54,000 రూపాయలు. నెల నోటీసు జీతం దీనికి అదనం. గ్రాట్యుటీ ఇంకో పద్దు. అయిదేళ్లు దాటినవాళ్లకు అదీ ఏడాదికి 15 రోజుల చొప్పునే వస్తుంది. రోజు కూలీగా చేసిన ఏళ్లను గ్రాట్యుటీకి కలపాల్సిందేనని నేత్రామ్ సాహు కేసులో సుప్రీంకోర్టు 2018లో చెప్పింది. ఒకటి ఇచ్చాం కాబట్టి రెండోది లేదనడం కుదరదు.

240 రోజుల్లో జీతంతో కూడిన ఆదివారాలు, పండగ సెలవులూ కలుస్తాయి (అమెరికన్ ఎక్స్‌ప్రెస్ కేసు, 1985). మూడు నెలలకోసారి రెండు రోజులు ఆపి మళ్లీ తీసుకునే "బ్రేక్" అలవాటు చాలా ఆఫీసుల్లో ఉంది. మొత్తం 240 దాటితే ఆ బ్రేకులతో పని లేదు. అయితే ఫలానా తేదీతో గడువు ముగుస్తుందని రాసిన కాంట్రాక్టు మీద సంతకం పెట్టి, ఆ గడువు అయిపోయాక ఆపేస్తే దాన్ని తొలగింపుగా చట్టం చూడదు. కాబట్టి ఇన్నాళ్లూ మస్టర్ మీద నడిచి, ఉన్నట్టుండి ఒక రోజు "ఇక్కడ సంతకం పెట్టు" అని ఆరు నెలల అగ్రిమెంట్ ముందు పెడితే, చదివించుకుని, నకలు అడిగి తీసుకున్నాకే ఆలోచించాలి.

"మేం తీయలేదు, వాడే రావడం మానేశాడు" అన్నది ఆఫీసుల నుంచి తరచూ వినిపించే జవాబు. దీనికీ పాత తీర్పులున్నాయి. దక్షిణ రైల్వే రోజు కూలీ కేసులో (రాబర్ట్ డిసౌజా, 1982) గైర్హాజరు పేరుతో రోల్స్ నుంచి పేరు కొట్టేయడం కూడా తొలగింపే అని సుప్రీంకోర్టు అంది. రావడం మానేశాడని నిర్ధారించే ముందు అతని మాట వినాలని డీకే యాదవ్ కేసు (1993) చెప్పింది. దొంగతనం, దురుసు ప్రవర్తన లాంటి నింద మోపి తీసేస్తే విచారణ తప్పనిసరి. ఆ మచ్చ ఉంటే ఇంకో చోట నౌకరీ కూడా దొరకదు కదా.

మున్సిపాలిటీ "పరిశ్రమ" అవుతుందా?

అవుతుంది. 1953లోనే బెంగాల్‌లోని బడ్జ్ బడ్జ్ మున్సిపాలిటీ కేసులో సుప్రీంకోర్టు ఆ మాట చెప్పింది. 1978 బెంగళూరు వాటర్ సప్లై తీర్పు ఆసుపత్రులను, విద్యా సంస్థలను కూడా ఇందులో చేర్చింది. ఇరిగేషన్ శాఖ పరిశ్రమేనని 1988లో దేశ్‌రాజ్ కేసులో తేలింది. అంటే తాండవ రిజర్వాయర్ కాలువల మీద పనిచేసే లస్కరుకూ ఇదే దారి. అటవీ శాఖ దగ్గర మాత్రం పని స్వభావాన్ని బట్టి ఉంటుంది. మహారాష్ట్రలో సామాజిక అడవుల పనిని పరిశ్రమ కిందికి తెచ్చిన తీర్పు (1996) ఉంది, దానికి భిన్నమైనవీ ఉన్నాయి. పోలీసు, కోర్టు, రెవెన్యూ లాంటి సార్వభౌమ విధుల ఆఫీసుల్లో ఈ వాదన నిలబెట్టడం కష్టం. అక్కడ హైకోర్టు రిట్టే దారి.

ఇంకో మాట. నర్సీపట్నం సివిల్ కోర్టులో దావా వేస్తే సరిపోతుందని కొందరు అనుకుంటారు. పారిశ్రామిక చట్టం ఇచ్చిన హక్కుకు ఆ చట్టం చూపిన వేదికకే వెళ్లాలని 1975 నుంచీ స్థిరపడిన మాట. డబ్బు, టైమూ వృథా.

ఎక్కడికి వెళ్లాలి, ఎన్నాళ్లలో

మొదట కార్మిక శాఖ రాజీ అధికారికి దరఖాస్తు పెట్టాలి. అవతలి ఆఫీసును పిలిచి ఆయన మాట్లాడతారు. రాజీ కుదరకపోతే విశాఖపట్నంలోని పారిశ్రామిక ట్రిబ్యునల్ కమ్ లేబర్ కోర్టు. ఇది మున్సిపాలిటీ, పంచాయతీ, రాష్ట్ర శాఖలకు. రైల్వే, పోస్టాఫీసు, బీఎస్‌ఎన్‌ఎల్ లాంటి కేంద్ర సంస్థలైతే కేంద్ర కార్మిక కమిషనర్ విభాగం, ఆపైన హైదరాబాద్‌లోని కేంద్ర ట్రిబ్యునల్.

గడువు విషయంలో ఇప్పుడు జాగ్రత్త ఎక్కువ కావాలి. పాత చట్టంలో తీసేసిన నాటి నుంచి మూడేళ్లలోగా, రాజీ దరఖాస్తు పెట్టి 45 రోజులు గడిచాక నేరుగా లేబర్ కోర్టుకు వెళ్లొచ్చు. 2025 నవంబర్ 21 నుంచి ఆ చట్టం స్థానంలో పారిశ్రామిక సంబంధాల కోడ్ అమల్లోకి వచ్చింది. కోడ్ కింద వివాదం పుట్టిన రెండేళ్లు దాటితే రాజీ అధికారి దాన్ని చేపట్టరు. రాజీ విఫలమైందని రిపోర్టు అందాక 90 రోజుల్లోగా ట్రిబ్యునల్‌లో అర్జీ వేయాలి. కొత్త ట్రిబ్యునళ్లు ఏర్పడేదాకా పాత లేబర్ కోర్టులే కేసులు వింటాయి. నెల నోటీసు, ఏడాదికి 15 రోజుల పరిహారం అనే సూత్రం కొత్త కోడ్‌లోనూ ఉంది. పైగా తీసేసిన ప్రతి కార్మికుడికీ ఇంకో 15 రోజుల కూలీని రీస్కిల్లింగ్ ఫండ్ కింద యజమాని కట్టాలి, అది 45 రోజుల్లో కార్మికుడి ఖాతాలో పడాలి. ఆగిపోయిన కూలీ బకాయి అయితే వేతనాల కోడ్ కింద వేరే క్లెయిమ్, దానికి మూడేళ్లు. పనిలోంచి తీసేసిన రెండు పని దినాల్లో బకాయి కూలీ ఇచ్చేయాలని అదే కోడ్ చెబుతోంది.

తీసేసిన తేదీ 2025 నవంబర్ 21కి ముందా, తర్వాతా అన్నది మొదటి దరఖాస్తులోనే స్పష్టంగా రాయాలి. ఏ చట్టం వర్తిస్తుందన్నది దాన్ని బట్టే.

లాయర్ ఫీజుకు భయపడక్కర్లేదు. న్యాయ సేవాధికార సంస్థల చట్టం 1987 ప్రకారం ఉచిత న్యాయ సహాయానికి అర్హుల జాబితాలో పారిశ్రామిక కార్మికుడు విడిగా ఉన్నాడు. మహిళలు ఆదాయంతో సంబంధం లేకుండా అర్హులు. 15100 నంబరుకు ఫోన్ చేసినా చెబుతారు. లేబర్ కోర్టులో యూనియన్ నాయకుడు కూడా కార్మికుడి తరఫున వాదించవచ్చు.

కేసు గెలిచేది కాగితంతో

240 రోజులు పనిచేశానని చూపించాల్సిన బాధ్యత కార్మికుడిదే. కర్ణాటక ఫారెస్ట్ ఆఫీసర్, హడిమని కేసులో (2002) కేవలం అఫిడవిట్ చాలదని సుప్రీంకోర్టు తోసిపుచ్చింది. అదే కర్ణాటకలో ఎల్లట్టి కేసులో (2006) మాత్రం కార్మికుడు బోనెక్కి సాక్ష్యం చెప్పాడు, పాత ఇంజినీరు ఇచ్చిన సర్టిఫికెట్ చూపించాడు, మస్టర్లు తెమ్మంటే ఆఫీసు పూర్తిగా తేలేదు. అతను గెలిచాడు. 2010లో గుజరాత్ మత్స్యశాఖ కేసు ఇంకో మెట్టు ఎక్కింది. రోజు కూలీకి నియామక పత్రం, పే స్లిప్ ఇవ్వరు కాబట్టి, అతను బోనెక్కి చెప్పాక రికార్డు చూపించే భారం యజమాని మీద పడుతుందంది.

కాబట్టి ఇంట్లో వెతకాల్సినవి: బ్యాంకు పాస్‌బుక్‌లో కూలీ జమలు, పీఎఫ్ ఖాతా పాస్‌బుక్, ఈఎస్ఐ కార్డు, గుర్తింపు కార్డు, పని చోట తీసిన ఫొటోలు, మేస్త్రి పంపిన వాట్సాప్ మెసేజీలు, కోవిడ్ కాలంలో ఇచ్చిన డ్యూటీ పాస్. మస్టర్ల కోసం సమాచార హక్కు దరఖాస్తు పెట్టాలి. ఫీజు 10 రూపాయలు, దారిద్ర్యరేఖకు దిగువన ఉన్న కుటుంబానికి అదీ లేదు, 30 రోజుల్లో జవాబు రావాలి. ఇవ్వకపోయినా ఫరవాలేదు. అడిగినట్టు రశీదు ఉంటే, తర్వాత కోర్టు తెమ్మన్నప్పుడు "మా దగ్గర లేవు" అన్న మాట ఆఫీసుకే ఎదురు తిరుగుతుంది. పనిలోంచి ఆపేసిన వారంలోపు "నన్ను ఫలానా తేదీన నోటి మాటతో ఆపేశారు, పనికి సిద్ధంగా ఉన్నాను" అని కమిషనర్ పేరిట స్పీడ్ పోస్టులో ఒక లేఖ పంపి రశీదు దాచుకోవాలి. తేదీకి అంతకంటే మంచి సాక్ష్యం దొరకదు.

మన ఇళ్లలో ప్రత్యేకంగా ఒక చిక్కు ఉంది. పేర్లు. ఆధార్‌లో "షేక్" అని పూర్తిగా ఉంటుంది, మస్టర్‌లో "ఎస్‌కే" అని రాస్తారు. "మహమ్మద్" ఒకచోట "ఎండీ", ఇంకోచోట "మొహమ్మద్". బేగం, బీ, బీబీ అన్నవి ఒకే మనిషి పేరు చివర మారుతూ ఉంటాయి. మేస్త్రి పిలిచే పేరే రిజిస్టర్‌కెక్కి, అసలు పేరు ఎక్కడా లేని సందర్భాలూ ఉన్నాయి. ఆఫీసు తరఫు లాయర్ మొదట పట్టుకునేది దీన్నే: "ఈ మస్టర్‌లో ఉన్న మనిషి, ఈ అర్జీదారు ఒకరేనా?" అందుకే కేసు వేసే ముందే ఈ రెండు పేర్లూ ఒక్కరివేనని నోటరీ అఫిడవిట్ తీసుకోవడం, అర్జీలోనే "అలియాస్" అని రెండు పేర్లూ రాయడం మంచిది. పీఎఫ్ ఖాతాలో పేరు పనిలో ఉండగానే సరిచేయించుకుంటే ఇంకా సులువు.

తెల్ల కాగితం మీద, ఖాళీ వోచర్ మీద సంతకం గానీ వేలిముద్ర గానీ వేయకూడదని విడిగా చెప్పక్కర్లేదు. బకాయి ఇస్తూ "ఫుల్ అండ్ ఫైనల్" అని సంతకం అడిగితే, ఎంత ముట్టిందో అంకెల్లో రాసి "నా హక్కులకు భంగం లేకుండా" అని రాయాలి.

గెలిస్తే ఏం వస్తుంది?

ఇక్కడ ఉన్నది ఉన్నట్టు చెప్పాలి. గెలిస్తే పని ఖాయం అన్న రోజులు కావివి. జగ్‌బీర్ సింగ్ కేసులో (2009) హర్యానా రోజు కూలీకి పని బదులు 50,000 రూపాయలు ఇచ్చి ముగించారు. భూరుమల్ కేసులో (2013) బీఎస్‌ఎన్‌ఎల్ కార్మికుడికి మూడు లక్షలు. నోటీసు, పరిహారం ఇవ్వలేదన్న లోపం ఒక్కటే ఉంటే పరిహారంతో సరిపెట్టవచ్చని ఆ తీర్పు చెప్పింది. కానీ అతనికంటే వెనక చేరినవాళ్లను ఉంచి అతన్ని తీసేస్తే, లేదా వాళ్లను రెగ్యులరైజ్ చేసి ఇతన్ని వదిలేస్తే, పని తిరిగి ఇవ్వాలనీ చెప్పింది. కాబట్టి "నా తర్వాత చేరిన ఫలానా వాళ్లు ఇంకా పనిలో ఉన్నారు" అన్న ఒక్క వాక్యం అర్జీలో ఉండటానికీ లేకపోవడానికీ లక్షల తేడా. చాలా అర్జీల్లో దాన్నే మరిచిపోతారు.

గాలి ఈమధ్య కొంత మారింది. 2024 డిసెంబర్ 20న జగ్గో కేసులో కేంద్ర జల సంఘంలో ఏళ్ల తరబడి ఊడ్చిన, మొక్కలు పెంచిన నలుగురిని తిరిగి తీసుకుని రెగ్యులరైజ్ చేయమని సుప్రీంకోర్టు చెప్పింది. 2025 జనవరి 31న ఘజియాబాద్ నగర పాలక సంస్థ తోటమాలుల కేసు (శ్రీపాల్) మున్సిపల్ కార్మికులకు మరీ దగ్గరిది. 1998 ప్రాంతంలో చేరారు. 2005లో నోటి మాటతో తీసేశారు. వీళ్లు కాంట్రాక్టర్ మనుషులని నగర పాలక సంస్థ వాదించింది, కాంట్రాక్టర్ జీతం ఇచ్చిన ఆధారం చూపించలేకపోయింది. తొలగింపు చెల్లదు, సగం పాత జీతంతో తిరిగి తీసుకోండి, ఆరు నెలల్లో రెగ్యులరైజేషన్ ప్రక్రియ చేపట్టండి అని కోర్టు ఆదేశించింది. ఉమాదేవి తీర్పును చూపించి కార్మికులను దోచుకోవడం కుదరదని ఈ రెండు తీర్పులూ అన్నాయి. అయితే ఆ తోటమాలులకు ఇది రావడానికి 20 ఏళ్లు పట్టింది.

లేబర్ కోర్టులో గెలిచాక ఆఫీసు హైకోర్టుకు వెళ్లి స్టే తెచ్చుకుంటే? వేరే చోట ఉద్యోగం లేదని అఫిడవిట్ వేస్తే, హైకోర్టులో కేసు నడిచినంత కాలం ఆఖరున అందుకున్న జీతం నెలనెలా ఇవ్వాలి. పాత చట్టంలో ఇది 17బి సెక్షన్. అడగనివాళ్లకు ఎవరూ ఇవ్వరు.

ఏజెన్సీ, ఆప్కాస్

ఇప్పుడు మున్సిపాలిటీల్లో నేరుగా మస్టర్ మీద ఉన్నవాళ్లు తక్కువ. చాలామంది 2020 నుంచి ఆప్కాస్ ద్వారానో, అంతకుముందు కాంట్రాక్టర్ల ద్వారానో వచ్చినవాళ్లు. వీళ్ల కేసు కష్టం. కాంట్రాక్టర్ కార్మికులు ఆటోమేటిగ్గా అసలు సంస్థ ఉద్యోగులు కారని 2001 స్టీల్ అథారిటీ తీర్పు. ఏజెన్సీ ద్వారా వచ్చినవాళ్లు రెగ్యులర్ ఉద్యోగులతో సమానంగా జీతం అడగలేరని 2026 జనవరిలో నంద్యాల మున్సిపాలిటీ కేసులో సుప్రీంకోర్టు అంది. మిగిలిన దారి ఒకటే: కాంట్రాక్టు పేరుకే ఉంది, పని చెప్పేది, హాజరు వేసేది, సెలవిచ్చేది అంతా మున్సిపాలిటీయే అని సాక్ష్యంతో చూపించడం. అది తేల్చాల్సింది లేబర్ కోర్టే. ఏజెన్సీ మారినా పదేళ్లుగా అదే శానిటరీ ఇన్‌స్పెక్టర్ కింద అదే వార్డులో పనిచేశానని చూపే ప్రతి కాగితమూ ఇక్కడ విలువైనదే. ఇక 2023లో వచ్చిన కాంట్రాక్టు ఉద్యోగుల రెగ్యులరైజేషన్ చట్టం 2014 జూన్ 2కు ముందు చేరిన కాంట్రాక్టు ఉద్యోగుల కోసం. రోజు కూలీలు, ఔట్‌సోర్సింగ్ వాళ్లు దాని మీద ఆశ పెట్టుకోవడం దండగ.

కూలీ విషయంలో సర్కారు మీద తగువు ఈ ప్రాంతానికి కొత్తేమీ కాదు. నర్సీపట్నం నుంచి లంబసింగి మీదుగా చింతపల్లి వైపు రోడ్డు వేయించిన బాస్టియన్ అనే డిప్యూటీ తహసీల్దారు మన్యం కూలీలకు సరిగ్గా డబ్బులివ్వకపోవడం 1922 మన్యం తిరుగుబాటు కారణాల్లో ఒకటి. అప్పుడు ఫిర్యాదు వినే లేబర్ కోర్టు లేదు.

కేసు నడుస్తుండగా కార్మికుడు చనిపోతే కేసు మూతపడదు. భార్య, పిల్లలు వారసులుగా చేరి కొనసాగించవచ్చు, పాత జీతం, పరిహారం వాళ్లకే వస్తాయి. తహసీల్దార్ ఆఫీసు నుంచి కుటుంబ సభ్యుల సర్టిఫికెట్ తీసుకుని ట్రిబ్యునల్‌లో దరఖాస్తు వేయాలి. ఆ సర్టిఫికెట్‌లో పేరు, మస్టర్‌లో పేరు కలుస్తున్నాయో లేదో తీసుకునే రోజే చూసుకోవాలి.